డక్స్‌ఫర్డ్: గంటన్నరలో చూసే ఎయిర్‌ఫీల్డ్ కాదు

లండన్ తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపులో ప్యాకేజీ చూసి బుక్ చేశాం. కేంబ్రిడ్జ్, దాని దగ్గర్లోని డక్స్‌ఫర్డ్ (ఒకప్పటి యుద్ధ విమానాల స్థావరం, ఇప్పుడు మ్యూజియం) ఒకే రోజులో, మనిషికి 69 పౌండ్లు, "ఎంట్రీలతో సహా". నలుగురికి 276 పౌండ్లు ముందే కట్టాం. కేంబ్రిడ్జ్ బాగానే గడిచింది. డక్స్‌ఫర్డ్ గేటు దగ్గర వ్యాన్ ఆపి ప్యాకేజీ అబ్బాయి తాపీగా అన్నాడు: "ఇక్కడ టికెట్ మీరే తీసుకోవాలి అంకుల్. గంటన్నరలో వచ్చేయండి." ఎంట్రీలతో సహా అన్నారుగా అంటే, అది కేంబ్రిడ్జ్‌లో చూసిన కాలేజీ వరకేనట! టికెట్ మనిషికి ఇంచుమించు 30 పౌండ్లు. బావగారి మొహం మాడిపోయింది. "పాత విమానాలకి ఇంత పొయ్యాలా? బేగంపేటలో బోలెడు చూశాను" అని అక్కడే అందుకున్నారు.

లోపలికెళ్లాక అర్థమైంది, గంటన్నర అన్నవాడు ఈ గేటు ఎప్పుడూ దాటలేదని. మొదటి ప్రపంచయుద్ధం చివర్లో కట్టిన హ్యాంగర్లు (విమానాల షెడ్లు) ఇంకా నిలబడే ఉన్నాయి. ఒకటి మాత్రం లేదు, 1968లో సినిమా షూటింగ్ కోసం పేల్చేశారు! బ్రిటిష్ వైమానిక దళంలో మొట్టమొదటి స్పిట్‌ఫైర్ యుద్ధ విమానం 1938 ఆగస్టులో ఇక్కడి 19వ స్క్వాడ్రన్‌కే (విమాన దళానికే) వచ్చింది. 1931లో ప్రమాదంలో రెండు కాళ్లూ పోయిన పైలట్ డగ్లస్ బాదర్, 1940లో జర్మన్ల మీదికి ఇక్కడి నుంచే స్క్వాడ్రన్లను గుంపుగా నడిపించాడు. అందులో చెక్, పోలిష్ పైలట్లు కూడా ఉన్నారు.

నన్ను కదలనివ్వనిది ఆపరేషన్స్ రూమ్, అంటే గాల్లో పోరాటాన్ని కింద నుంచి నడిపించిన గది. మధ్యలో పెద్ద బల్ల మీద మ్యాపు, దాని మీద విమానాల గుర్తులు, వాటిని జరపడానికి పొడుగాటి కర్రలు. గోడ గడియారంలో ఎరుపు, పసుపు, నీలం త్రిభుజాలు. ఏ విమానం ఎక్కడుందో కబురు వచ్చినప్పుడు నిమిషాల ముల్లు ఏ రంగు మీదుంటే మ్యాపు మీద ఆ రంగు బాణం పెడతారు. దాంతో ఏది తాజా కబురో, ఏది పాతబడిందో చూడగానే తెలిసిపోతుంది. కంప్యూటర్ లేని రోజుల్లో ఎంత తెలివి!

సరిగ్గా అప్పుడే ఫోను: "అంకుల్, టైమ్ అయింది." నువ్వెళ్లిపో బాబూ అనేశాను. మా ఆవిడ నా వైపే. అక్కకి మాత్రం తిరిగి ఎలా వెళ్తామోనని టెన్షన్. రిఫండ్ ఇవ్వనన్నారు, ఆ సంగతి వదిలేయండి.

బావగారి అలక తీర్చింది హైదరాబాదే. నిజాం ఇచ్చిన డబ్బుతో నడిచిన 152వ స్క్వాడ్రన్ పేరులోనే హైదరాబాద్ ఉందనీ, దాని ముద్రలో నిజాం తలపాగా ఉంటుందనీ, 1940లో వాళ్లు స్పిట్‌ఫైర్లతోనే పోరాడారనీ చెప్పాను. వాళ్ల స్థావరం వార్మ్‌వెల్, ఇది కాదు అన్నా ఆయన వినిపించుకోలేదు. స్పిట్‌ఫైర్ పక్కన నిలబడి ఫొటోల మీద ఫొటోలు!

1943 నుంచి యుద్ధం ముగిసేదాకా ఇక్కడ అమెరికన్ వైమానిక దళం ఉండేది. వాళ్ల హాలు బయట వరసగా గాజు పలకలు, వాటి మీద చెక్కిన చిన్న చిన్న విమానాల బొమ్మలు. ఒక్కో బొమ్మా తిరిగిరాని ఒక్కో విమానం. మొత్తం ఏడు వేలకు పైనే. అంతసేపూ గలగలా మాట్లాడుతున్న అక్క అక్కడ చాలాసేపు నోరు మెదపలేదు. ధ్వని కన్నా వేగంగా ఎగిరిన ప్రయాణికుల విమానం కాంకార్డ్ దగ్గర జనం ఎక్కువ. నాకైతే అది రెండో వరసే.

తినడానికి శాకాహారులకి ఉడికించిన బంగాళాదుంప, బీన్స్, 9 పౌండ్లు. ఉప్పూ కారం లేవు, పచ్చడి సీసా తెచ్చుకోండి. ప్యాకేజీల జోలికి పోకండి. లండన్ లివర్‌పూల్ స్ట్రీట్ నుంచి విటిల్స్‌ఫర్డ్ పార్క్‌వే స్టేషన్‌కి రైలుంది, గంట పైచిలుకు. అక్కడి నుంచి దగ్గరే, కానీ ట్యాక్సీ ముందే చెప్పుకోవాలి. మేము తిరుగు ట్యాక్సీకి 15 పౌండ్లిచ్చాం. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు ఓపిక ఉండగానే ఆ చివర అమెరికన్ హాలుకి వెళ్లిపోండి. దాన్ని దాటి ఉన్న ట్యాంకుల హాలు దాకా అక్క రాలేకపోయింది, మేమూ వదిలేశాం.