రైల్వే పీఎంఈ నుంచి ఎంఏసీపీ దాకా: పరీక్ష పక్కా, ఫైలు దగ్గరే జాగ్రత్త

రైల్వేలో వైద్య పరీక్ష (చేరాక నిర్ణీత గడువుల్లో జరిగేది పీఎంఈ), డీకేటగరైజేషన్ (అందులో తప్పి ఆ కేటగిరీ పనికి అర్హత పోవడం), ఎంఏసీపీ (ప్రమోషన్ రాకున్నా సర్వీసును బట్టి జీతం పై లెవెల్‌కు వెళ్లడం) వేర్వేరు సెక్షన్ల పనులే అయినా ఉద్యోగికి మాత్రం మూడూ ఒకే సర్వీసులో భాగాలు. ఒకచోట పొరపాటు జరిగితే మరోచోట జీతం తగ్గుతుంది. ఆసుపత్రి చేసే భాగానికి మంచి మార్కులే వేయొచ్చు. ఉద్యోగుల వ్యవహారాలు చూసే పర్సనల్ బ్రాంచి రాసే ఆర్డర్లనే అక్షరం అక్షరం చదువుకోవాలి.

వైద్య కేటగిరీలు ఏడు: ఏ1, ఏ2, ఏ3, బీ1, బీ2, సీ1, సీ2. లోకో పైలట్లది ఏ1, స్టేషన్ మాస్టర్లు, గూడ్స్ ట్రైన్ మేనేజర్లది ఏ2, గుమాస్తాలది సీ2. చేరేటప్పుడు ఏ1కి అద్దాల్లేకుండా రెండు కళ్లకూ 6/6 ఉండాలి, ఏ2కి 6/9. బయట డాక్టరు 6/6 అని రాసిచ్చాడని ధీమాగా వెళ్లినవాళ్లు కూడా ఏ1లో ఫాగింగ్ టెస్ట్ దగ్గర ఆగిపోవచ్చు. కంటి ముందు ప్లస్ 2 అద్దం పెడితే మామూలు కంటికి చార్టు మసకబారాలి. అప్పుడూ గడగడా చదివేశారంటే లోపల దీర్ఘదృష్టి దాగి ఉన్నట్టే. కుర్ర వయసులో కంటి కండరం దాన్ని కప్పేస్తుంది, వయసు మళ్లాక దానివల్ల కాదు. లాసిక్ చేయించుకున్నవాళ్లు ఏ1కి పనికిరారు. రైల్వే నియామక బోర్డు (ఆర్‌ఆర్‌బీ) పరీక్షలో ఎంపికై మెడికల్‌లో పోతే వేరే పోస్టు ఇవ్వరు కాబట్టి, ప్రాధాన్యాలు పెట్టకముందే ఇషిహారా బొమ్మలతో రంగుల పరీక్ష చేయించుకోవడం నయం.

చేరాక పీఎంఈ లెక్క సులువే. ఏ కేటగిరీల వాళ్లకు 45 ఏళ్ల దాకా నాలుగేళ్లకోసారి, 55 దాకా రెండేళ్లకోసారి, ఆపైన ఏటా. బీ వాళ్లకు 45 నిండినప్పుడు, తర్వాత ఐదేళ్లకోసారి. సీ వాళ్లకు లేదు. సర్వీసులో ఉన్నవాళ్లకు అద్దాలు అనుమతిస్తారు. అద్దాలు రాసిన రన్నింగ్ స్టాఫ్ (లోకో పైలట్ల వంటి రైలు నడిపే సిబ్బంది) డ్యూటీలో రెండు జతలు దగ్గర ఉంచుకోవాలి.

అసలు విషయం డీకేటగరైజ్ అయ్యాక మొదలవుతుంది. రక్షణ గట్టిదే. 1995 చట్టంలో సెక్షన్ 47, ఇప్పుడు 2016 దివ్యాంగుల హక్కుల చట్టంలో సెక్షన్ 20: సర్వీసులో వైకల్యం వచ్చినవారిని తీసేయకూడదు, హోదా తగ్గించకూడదు. అదే స్కేలులో తగిన పోస్టు దొరికేదాకా సూపర్‌న్యూమరరీ (అదనంగా సృష్టించిన) పోస్టులో ఉంచాలి. డివిజన్‌లో స్క్రీనింగ్ కమిటీ కూర్చుని ఏ పనికి సరిపోతారో తేలుస్తుంది. అయితే ఈ చట్ట రక్షణ ఇండియన్ రైల్వే ప్రొటెక్షన్ ఫోర్స్ సర్వీసు పోస్టులకు వర్తించదు, 2021 ఆగస్టు నోటిఫికేషన్‌తో మినహాయించారు.

కొత్త పోస్టు ఆర్డర్‌లో మూడు చోట్ల తప్పు దొర్లుతుంది. పాత సర్వీసు కొత్తదానితో కలిసి నిరంతరంగా లెక్కకు రావాలి. సీనియారిటీ కూడా సమాన గ్రేడులో చేసిన సర్వీసును బట్టే ఇవ్వాలి. పొరపాటున ‘సొంత కోరికపై బదిలీ’ అన్న మాట ఫైల్లోకి ఎక్కిందంటే అట్టడుక్కి పోతారు. దగ్గరి స్టేషను కావాలని రాసే అర్జీలోనూ ఆ మాట వాడొద్దు. ఇక రన్నింగ్ స్టాఫ్ అయితే బేసిక్‌కు 30 శాతం కలిపాకే కొత్త పోస్టులో జీతం ఖరారు చేయాలి. 50,000 బేసిక్ ఉంటే లెక్క 65,000 నుంచి మొదలవ్వాలి. ఇది కలిసినా మైలేజీ (కిలోమీటర్ల లెక్కన వచ్చే అలవెన్సు) పోతుంది, ఎక్కువ కిలోమీటర్లు తిరిగేవాళ్ల చేతికొచ్చే మొత్తం తగ్గుతుంది. ‘జీతానికి రక్షణ ఉంది’ అనేవాళ్లు ఈ సంగతి చెప్పరు.

ఎంఏసీపీ మాత్రం కేటగిరీని చూడదు. 10, 20, 30 ఏళ్ల సర్వీసునూ, ఏపీఏఆర్‌లనూ (ఏటా పైఅధికారి రాసే పనితీరు రిపోర్టులు) చూస్తుంది. 2016 జులై 25 నుంచి ‘వెరీ గుడ్’ ఉండాలి. సూపర్‌న్యూమరరీలో ఉన్న కాలానికి రిపోర్టు ఎవరు రాయాలన్నది తేలక ఖాళీ మిగిలితే కేసు ఆగుతుంది, అందుకే ఏటా అడిగి రాయించుకోవాలి. మెడికల్‌లో పోతామన్న భయంతో ప్రమోషన్ వద్దని ముందే రాసిచ్చేవాళ్లు మరో చిక్కులో పడతారు. ఎంఏసీపీ గడువుకు ముందే ప్రమోషన్ కాదంటే, ఎదుగుదల లేక ఆగిపోయినట్టు కాదంటూ అదీ ఇవ్వరు.

ఎంఏసీపీ మీద మరీ ఆశ పెట్టుకోనక్కర్లేదు. హోదా మారదు, సీనియారిటీ రాదు. జీతాల పట్టికలో లెవెల్ 2లో 26,000 బేసిక్ ఉన్నవారికి ఒక ఇంక్రిమెంట్ కలిపితే 26,800. లెవెల్ 3లో అదే గడి ఉంది కాబట్టి అక్కడే ఆగుతుంది, పెరిగింది 800. పై లెవెల్‌లో జీతం ఆ తేదీ నుంచా, తర్వాతి ఇంక్రిమెంట్ తేదీ నుంచా అన్న ఆప్షన్ నెలలోపు రాసివ్వాలి. రెండు లెక్కలూ కాగితం మీద వేసుకుని, డీఏతో కలిపి పోల్చాకే సంతకం పెట్టాలి.