గ్రేట్ ఓషన్ రోడ్డుకు ఒక్క రోజు: చిన్న బస్సా, పెద్ద బస్సా, సొంత కారా?

ముందే చెప్పేస్తాను. చేతిలో ఒక్క రోజే ఉంటే చిన్న బస్సు. రెండు రోజులు ఉంటే కారు. పెద్ద బస్సే నప్పేవాళ్లు కూడా కొందరున్నారు, వాళ్ల సంగతి తరువాత. ఇవి కాక ఇంకో దారి ఉంది: తెల్లవారుజామున కారు తీసి, అర్ధరాత్రికి ఇల్లు చేరడం. మెల్‌బోర్న్‌లో ఉండే మన వాళ్లు, ఇండియా నుంచి అమ్మానాన్నలు రాగానే పట్టేది ఎక్కువగా ఈ దారే. నా లెక్కలో అన్నిటికంటే నాసిరకం కూడా ఇదే.

ఎందుకో తెలియాలంటే ముందు దూరం చూడాలి. ఆస్ట్రేలియాలోని విక్టోరియా రాష్ట్రంలో, టార్కీ నుంచి అలన్స్‌ఫర్డ్ దాకా తీరం వెంట సాగే గ్రేట్ ఓషన్ రోడ్డు పొడవు 243 కిలోమీటర్లు. విశాఖ నుంచి భీమిలికి వెళ్లే బీచ్ రోడ్డుకు దాదాపు ఎనిమిదింతలు. పైగా అది మెల్‌బోర్న్‌లో మొదలు కాదు. టార్కీ చేరడానికే నగరం నుంచి వంద కిలోమీటర్ల పైచిలుకు. అందరూ చూడాలనుకునే ట్వెల్వ్ అపాసిల్స్ రాతి స్తంభాలేమో రోడ్డు చివరి భాగంలో, పోర్ట్ క్యాంప్‌బెల్ దగ్గర ఉన్నాయి. తీరం వెంబడి వెళ్లి, కొలాక్ అనే ఊరి మీదుగా లోపలి రహదారిలో తిరిగి వస్తే మొత్తం సుమారు 500 కిలోమీటర్లు. ఎక్కడా ఆగకపోయినా చక్రం ముందు ఏడు గంటలు కూర్చోవాలి. ఆగడానికే కదా వెళ్లేది!

సొంత కారులో ఒక్క రోజు ప్రయాణానికి వచ్చిన చిక్కు ఇదే: నడిపే మనిషి ఏమీ చూడడు. తీరం మీది ఊళ్లయిన లోర్న్ నుంచి అపోలో బే దాకా రోడ్డు కొండ అంచును తొలిచి వేసినది. ఒక పక్క రాయి, ఇంకో పక్క సముద్రం, మధ్యలో ఎడతెగని మలుపులు. వెనక సీట్లో వాళ్లు "అబ్బ, ఆ రంగు చూడు!" అంటూ ఉంటే, నడిపే అబ్బాయికో అల్లుడికో కనిపించేది ముందు వెళ్తున్న క్యారవాన్ వెనక భాగం. మన దేశంలోలాగే అక్కడా ఎడమ వైపే నడపాలి, ఇంగ్లీషులో ఉన్న మన లైసెన్సుతో కొద్ది రోజుల కోసం వచ్చినవాళ్లు నడపవచ్చు కూడా. దాంతో ఇది తేలిక పని అనిపిస్తుంది. అలవాటైన పక్కన నడపడం తేలికే. వారమంతా ఉద్యోగం చేసి శనివారం పొద్దున్నే లేచినవాడు, సాయంత్రం అలసిన కళ్లతో కొలాక్ దారిలో మూడు గంటలు నడపడం తేలిక కాదు. చీకటి పడే వేళకు కంగారూలు, వాటి చిన్న జాతి వాలబీలు రోడ్డు మీదికి దూకుతాయి. వాటికి హారన్ పట్టదు.

కారుకు ఒక మంచి గుణం లేకపోలేదు. మెల్‌బోర్న్ నుంచి తీరం వెంట పడమరకు వెళ్తుంటే సముద్రం ఎడమ చేతి పక్కనే ఉంటుంది. ఎదుటి వాహనాలకు అడ్డం వెళ్లకుండానే, ఖాళీ చోటు కనబడగానే పక్కకు తీసి ఆగవచ్చు. ఈ సుఖం తీరం ముందు చూసేవాళ్లకే. తిరుగు దిశలో వస్తే కొండ పక్కన ఉంటారు.

ఇక చిన్న బస్సు. పది మంది నుంచి ఇరవై పైచిలుకు మంది దాకా పట్టే బండి; నడిపేవాడే గైడు. టికెట్టు పెద్ద బస్సు కంటే ఎక్కువ. ఆ తేడా సీటు మెత్తదనానికని చాలామంది అనుకుంటారు. నిజానికి సీటు విషయంలో పెద్ద బస్సుదే పైచేయి. చిన్న బస్సులో మీరు కొనుక్కునేది సమయం. నలభై ఎనిమిది మంది ఒకే తలుపులోంచి దిగి, మరుగుదొడ్డి వరసలో నిలబడి, ఫొటోలు తీసుకుని, మళ్లీ ఎక్కాలి. వాళ్లలో ఇద్దరు ఎప్పుడూ ఆలస్యంగానే వస్తారు. ఒక్కో చోట పది నిమిషాలు ఇలా కరిగిపోయాయనుకోండి, ఆరేడు చోట్లు ఆగితే గంట పైగా పోయినట్టే. పన్నెండు పదమూడు గంటల యాత్రలో, సగానికి పైగా చక్రాల మీదే గడిచేదానిలో, ఆ గంట విలువ పెద్దది.

ఆ గంట ఎక్కడ తెలుస్తుందంటే లాక్ ఆర్డ్ గార్జ్ అనే ఇరుకు లోయ దగ్గర. నన్నడిగితే ఈ తీరం మొత్తంలో అపాసిల్స్ కంటే అదే గొప్ప చోటు. ఇంగ్లండు నుంచి మెల్‌బోర్న్‌కు వస్తున్న లాక్ ఆర్డ్ అనే ఓడ 1878 జూన్ 1న ఇక్కడి రాళ్లకు కొట్టుకుని మునిగింది. ఓడలో ఉన్నది 54 మంది, బతికినది ఇద్దరే. టామ్ పియర్స్ అనే కుర్ర నావికుడు ముందు ఒడ్డుకు చేరి, నీళ్లలో కేకలు విని మళ్లీ ఈదుకుంటూ వెళ్లి ఈవా కార్మైకేల్ అనే యువతిని ఒడ్డుకు తెచ్చాడు. తరువాత కొండ ఎక్కి సాయం వెతుక్కుంటూ వెళ్లాడు. వాళ్లిద్దరికీ పెళ్లి చేసేయాలని అప్పటి జనం తెగ ఉబలాటపడ్డారు. ఆమె మాత్రం ఐర్లండుకు వెళ్లిపోయింది. రెండు నిటారు గోడల మధ్య ఆ ఇసుక తీరంలోకి మెట్లు దిగి, పైకి వచ్చి, చనిపోయినవారి సమాధులు చూసి, కొండ అంచు దాకా నడవాలంటే గంట కావాలి. చాలా పెద్ద బస్సుల వాళ్లు పైనుంచి తొంగి చూపించి పావుగంటలో ఈల వేస్తారు. చిన్న బస్సులన్నీ గంట ఇస్తాయని కాదు; కొన్ని ఇస్తాయి. టికెట్టు కొనే ముందు అడగవలసిన మొదటి ప్రశ్న ఇదే: లాక్ ఆర్డ్ దగ్గర ఎంతసేపు ఆపుతారు?

రెండో ప్రశ్న: ఏ దిశలో వెళ్తారు? నా దృష్టిలో బండి పరిమాణం కంటే ఇదే ముఖ్యం. ఎక్కువ బస్సులు తీరం వెంటే వెళ్లి, మధ్యాహ్నం దాటాక అపాసిల్స్ చేరతాయి. అంటే అన్నీ ఒకేసారి చేరతాయి. అప్పుడు చెక్క వంతెనల మీద జనమే జనం. సూర్యుడు పడమరకు వాలుతుంటే అటు వైపు స్తంభాలు నల్లటి నీడల్లా కనిపిస్తాయి, సున్నపురాయి పసుపు రంగు తెలియదు. కొన్ని చిన్న బస్సులు తిరగేసి వెళ్తాయి: పొద్దున్నే కొలాక్ దారిన నేరుగా అపాసిల్స్‌కు, తరువాత తీరం వెంట వెనక్కు. అలా వెళ్తే వెలుగు వెనకనుంచి పడుతుంది, జనం పలచగా ఉంటారు. నష్టమూ ఉంది. సాయంత్రం అలసిపోయాక మలుపుల రోడ్డు వస్తుంది. సగం మంది నిద్రలో ఉంటారు, మిగిలిన సగానికి కడుపులో తిప్పుతుంది. మలుపులు పడనివాళ్లు ఏ దిశలో వెళ్లినా చిన్న బస్సులో వెనక సీట్లు వద్దనాలి. వెనక చక్రాలకు అవతల ఊపు ఎక్కువ. మాత్ర ఇంటి దగ్గరే వేసుకోవాలి, లోర్న్ దాటాక వేసుకుంటే లాభం లేదు. తీరం ముందు చూపే బస్సులో ఎడమ కిటికీ, తిరగేసి వెళ్లే బస్సులో కుడి కిటికీ అడగండి. అడిగితే ఇస్తారని హామీ లేదు గానీ, అడగనివాళ్లకు ఎలాగూ ఇవ్వరు.

రెండు బస్సులకూ సమానంగా ఒక లోటు ఉంది: అపోలో బే దాటాక చాలాసేపు సముద్రం పెద్దగా కనబడదు. రోడ్డు ఆట్వే అడవుల్లోకి తిరుగుతుంది. ఇది తెలియక మోసపోయామన్నట్టు మొహం పెట్టేవాళ్లున్నారు. మంచి బస్సు ఇక్కడ మేట్స్ రెస్ట్ దగ్గర ఆపి, పెద్ద పెద్ద ఫెర్న్ చెట్ల మధ్య అరగంట నడిపిస్తుంది. సముద్రం చూడడానికి వచ్చి అడవి బాగుందని వెళ్లేవాళ్లు తక్కువేం కాదు.

గైడు మాటలు ఇంకో సంగతి. మొదటి ప్రపంచ యుద్ధం నుంచి తిరిగి వచ్చిన సుమారు 3,000 మంది సైనికులు 1919 నుంచి 1932 దాకా ఈ రోడ్డు వేశారు. గునపాలు, పారలే ముఖ్యమైన పనిముట్లు. చనిపోయిన తోటివాళ్ల స్మారకంగా వేసిన రోడ్డు ఇది. ఈస్టర్న్ వ్యూ దగ్గర రోడ్డుకు అడ్డంగా కనిపించే చెక్క తోరణం వాళ్ల కోసమే. 1983 కార్చిచ్చులో అది కాలిపోతే మళ్లీ కట్టారు. ఈ కథ మంచి గైడు నోట వింటే ప్రతి మలుపూ వేరుగా కనబడుతుంది. ట్వెల్వ్ అపాసిల్స్ ఎప్పుడూ పన్నెండు లేవని, 2005 జూలైలో ఒకటి కుప్పకూలిందని కూడా అతనే చెబుతాడు. లండన్ బ్రిడ్జి అనే రాతి వంతెన 1990 జనవరిలో మధ్యలో విరిగి, అవతల ఇద్దరు చిక్కుకుంటే హెలికాప్టరులో తెచ్చిన కథ కూడా. అయితే ఆ గైడు మాట్లాడేది గబగబా సాగే ఆస్ట్రేలియా ఇంగ్లీషు. మన పెద్దవాళ్లకు అందులో సగం అందదు. ఆ లెక్కన చిన్న బస్సుకు ఎక్కువ పెట్టిన డబ్బులో కొంత వృథాయే. పక్కన అనువదించే మనిషి ఉంటే సరే.

అందుకే పెద్ద బస్సును పూర్తిగా కొట్టిపారేయను. మోకాళ్ల నొప్పులతో మెట్లు దిగలేని అత్తయ్యకు లాక్ ఆర్డ్‌లో గంట ఇచ్చినా ఏం చేస్తుంది? ఆమెకు కావలసింది కుదుపు తక్కువగా ఉండే వెడల్పు సీటు, ఎత్తైన కిటికీ, తక్కువ టికెట్టు. కొన్ని పెద్ద బస్సుల్లో మరుగుదొడ్డి కూడా ఉంటుంది. చక్కెర వ్యాధి ఉన్నవాళ్లకు అది చిన్న విషయం కాదు. చిన్న బస్సు మనుషులు చాలకపోతే యాత్ర రద్దు చేయడం కూడా ఉంది. మెల్‌బోర్న్‌లో ఆ ఒక్క రోజే ఖాళీ ఉన్నవాళ్లు అది కూడా ఆలోచించుకోవాలి.

చిన్నపిల్లలున్న ఇంటికి లెక్క మళ్లీ మారుతుంది. ఏడేళ్ల లోపు పిల్లలకు కారులో ప్రత్యేక సీటు తప్పనిసరి, అద్దె కారైనా సరే. పసివాళ్లను ఎక్కించుకోని చిన్న బస్సులున్నాయి, ముందే కనుక్కోవాలి. నలుగురు మనుషులకు నాలుగు టికెట్లు కొనే డబ్బుతో కారు అద్దె, పెట్రోలు, ఒక రాత్రి గది ఖర్చులో మంచి భాగం వచ్చేస్తుంది.

బస్సులు బయలుదేరేది నగరం నడిబొడ్డు నుంచి, ఏడు గంటల ప్రాంతంలో. మన వాళ్లు ఎక్కువగా ఉండే టార్నీట్, పాయింట్ కుక్, ట్రుగనీనా అన్నీ నగరానికి పడమర శివార్లు. అంటే అయిదింటికి లేచి, తూర్పుగా నగరంలోకి వెళ్లి, బస్సెక్కి, మళ్లీ మన ఇంటి పక్కనుంచే జీలాంగ్ వైపు వెళ్తాం. రాత్రి అదే తంతు తిరగేసి. దారిలో వెరిబీ దగ్గరో జీలాంగ్‌లోనో ఎక్కించుకునే బస్సులు కొన్ని ఉంటాయి. లేకపోతే నగరంలో దిగినవాళ్లకే బస్సు లాభం, పడమర శివార్ల వాళ్లకు రెండు రోజుల కారే నయం.

ప్రభుత్వ రవాణా సంగతి ఒక్క మాట. జీలాంగ్ దాకా రైలు, అక్కడి నుంచి అపోలో బేకు బస్సు ఉన్నాయి. 2023 మార్చి నుంచి ప్రాంతీయ రైళ్ల ఛార్జీలకు పరిమితి పెట్టాక చాలా చవక కూడా. కానీ ఒక్క రోజులో అపాసిల్స్ చూసి రావడం దీనితో కుదరదు. లోర్న్ దాకా వెళ్లి సముద్రం ఒడ్డున కూర్చుని వచ్చేవాళ్లకు బాగుంటుంది.

రెండు రోజులు దొరికితే పోర్ట్ క్యాంప్‌బెల్‌లో పడుకోండి. అపోలో బే పెద్దది, భోజనాలు బాగుంటాయి, గదులూ ఎక్కువే. అయినా పోర్ట్ క్యాంప్‌బెల్ నుంచి అపాసిల్స్ పది పన్నెండు నిమిషాల దూరం. బస్సులన్నీ వెళ్లిపోయాక సాయంత్రం ఒకసారి, అవి రాకముందే పొద్దున ఒకసారి చూడవచ్చు. ఈ రెండు వేళలూ ఏ బస్సూ, ఎంత చిన్నదైనా, ఒక్క రోజు టికెట్టులో అమ్మలేదు. మొదటి రోజు నిదానంగా కెన్నెట్ రివర్ దగ్గర యూకలిప్టస్ కొమ్మల్లో కోలాలను వెతుక్కోవచ్చు, 1848 నాటి కేప్ ఆట్వే దీపస్తంభం చూడవచ్చు. నడిపేవాడు కూడా మధ్యలో దిగి సముద్రం చూస్తాడు.

తిండి ఎందులో వెళ్లినా మీదే బాధ్యత అనుకోండి. భోజనం టికెట్టులో కలిపిన బస్సుల్లో శాకాహారం సంగతి బుక్ చేసేటప్పుడే చెప్పాలి. అక్కడ చెబితే చిప్స్, రొట్టె మిగులుతాయి. డబ్బాలో పులిహోర ఉంటే అపోలో బే గడ్డి మీద కూర్చుని తినడానికి ఎవరూ అభ్యంతరం చెప్పరు. బస్సులో మాత్రం మూత తీయకండి, ఇంగువ వాసన మలుపుల్లో అందరికీ పడదు.

జూన్, జూలై నెలల్లో వచ్చేవాళ్లకు ఒక హెచ్చరిక. అక్కడ అది చలికాలం, సాయంత్రం అయిదు దాటగానే పొద్దు గూకుతుంది. తీరం ముందు చూపే బస్సు ఏ కాస్త ఆలస్యమైనా అపాసిల్స్ దగ్గర మిగిలేది గాలీ, చలీ, మసక వెలుతురూ. ఆ నెలల్లో తిరగేసి వెళ్లే చిన్న బస్సు దొరక్కపోతే, యాత్రను ఇంకో రోజుకు మార్చుకోవడమే మేలు.