విలన్‌గా స్థిరపడటమా, ఒక బృందంలో కుదురుకోవడమా? టర్కీ క్యారెక్టర్ ఆర్టిస్టుకు ఏది మేలు?

ఇస్తాంబుల్‌లో యెషిల్‌చామ్ అని ఒక వీధి ఉంది. నిర్మాతల ఆఫీసులన్నీ ఆ చుట్టుపక్కలే ఉండేవి కాబట్టి పాత టర్కిష్ సినిమా పరిశ్రమకే ఆ పేరు వచ్చింది. 1972లో అక్కడ దాదాపు 300 సినిమాలు తీశారు. అంత హడావుడిలో పాత్రను పరిచయం చేసే తీరిక ఎక్కడిది? ముఖం కనబడగానే మంచివాడో చెడ్డవాడో జనానికి తెలిసిపోవాలి. అందుకే ఒక వేషం కుదిరిందంటే చాలామందికి ఇక జీవితాంతం అదే.

ఎరోల్ తాష్‌నే చూడండి. గుబురు మీసం, గుచ్చిగుచ్చి చూసే కళ్లు. విలన్ అంటే ఆయనే. ఈ దారిలో పని కరువు ఉండదు, ఊరూరా జనం గుర్తుపడతారు. కానీ పాత్ర ఎదగదు. ఆయనలో ఎంత నటన ఉందో 1964లో బెర్లిన్ చిత్రోత్సవంలో అత్యున్నత పురస్కారమైన గోల్డెన్ బేర్ గెలిచిన ‘సుసుజ్ యాజ్’ సినిమాలో తెలుస్తుంది. పొరుగు రైతుల పొలాలకు నీళ్లు వదలని అన్న పాత్ర ఆయనది. చివరికి ఆ నీళ్లలోనే చచ్చి, శవమై కాలువలో కొట్టుకుపోతాడు. మెట్ట పొలాల వాళ్లకు ఆ కథ వేరే చెప్పక్కర్లేదు. అంతటి పాత్రలు ఆయనకు ఇంకో పది దక్కాల్సింది.

రెండో దారి మునీర్ ఓజ్‌కుల్, ఆదిలె నాషిత్‌లది. ఇద్దరూ నాటకాల నుంచి వచ్చినవాళ్లే. దర్శకుడు ఎర్తెమ్ ఎయిల్మెజ్ తన నిర్మాణ సంస్థ అర్జూ ఫిల్మ్‌లో ఇంచుమించు అదే బృందంతో సినిమా తర్వాత సినిమా తీశాడు. 1975లో వచ్చిన ‘హబాబమ్ సినిఫి’లో ఓజ్‌కుల్ కఠినమైన మాస్టారు, నాషిత్ బడి గంట కొట్టే ఆయమ్మ. ఆమె గంట ఊపుతూ నడిచివస్తుంటే, ఆ అల్లరి పిల్లలకు అమ్మ వచ్చినట్టే ఉంటుంది. వేరే దర్శకుడు తీసిన ‘నెషెలి గున్లెర్’లో వీళ్లే భార్యాభర్తలు. ఊరగాయలో నిమ్మరసం పోయాలా, వెనిగర్ పోయాలా అని గొడవపడి, ఆరుగురు పిల్లలను చెరి ముగ్గురిగా పంచుకుని విడిపోతారు! ఊరగాయ దగ్గర పట్టుదల ఎలా ఉంటుందో మనకు తెలియనిది కాదు. వినడానికి నవ్వొచ్చే ఆ తగవు వెనక ఇద్దరి మొండితనం, బెంగ రెండూ కనబడతాయి. ఎదుటి నటుడి ఊపిరి కూడా తెలిసినవాళ్లే అలా చేయగలరు.

ఈ దారిలోనూ మూస లేకపోలేదు. నాషిత్‌కు ఎక్కువగా వచ్చినవి అమ్మ పాత్రలే. అయినా 1976లో అంతాల్యా చిత్రోత్సవంలో ఉత్తమ నటి అవార్డు ఆమెదే. ఓజ్‌కుల్‌కు నాటకరంగం 1968లోనే అంతకంటే పెద్ద గౌరవం ఇచ్చింది. పాతకాలపు హాస్య నటుడు ఇస్మాయిల్ దుంబుల్లు తన తలపాగాను ఆయనకు అప్పగించాడు. అక్కడ ఆ తలపాగా గురువు నుంచి వారసుడికి చేరుతుంది.

నన్నడిగితే బృందమే మేలు. ఎరోల్ తాష్‌కు కూడా ఎయిల్మెజ్ లాంటివాడు ఒకడు దొరికి ఉంటే ఎంత బాగుండేదో అని ‘సుసుజ్ యాజ్’ చూసిన ప్రతిసారీ అనిపిస్తుంది.