ఆదివారం హిస్టరీ బ్యాచ్: పాఠాలు బంగారం, టెస్టులు మాత్రం మార్చాలి

నేను కూడేరు మండలంలో వీఆర్వోగా పనిచేస్తున్నాను. గ్రూప్-2కు చదువుకుంటూ, ఆధునిక చరిత్ర కోసం అనంతపురంలో ఈ ఆదివారం బ్యాచ్‌లో చేరాను. ఫీజు 6,000 రూపాయలు. సార్ పాఠాలు విన్నాక ఆ డబ్బు గురించి మళ్లీ ఆలోచించలేదు.

రైతు దగ్గరే నేరుగా శిస్తు వసూలు చేసే రైత్వారీ పద్ధతి పాఠం గురించి వివరంగా చెప్పాలి. ఇంతకుముందు చదివిన చోట "రైత్వారీ, మన్రో, మద్రాసు" అని ఒక్క లైను రాయించి కంఠతా పట్టించారు. ఈ సార్ బోర్డు మీద ముందు 1800 అని రాశారు. ఈస్టిండియా కంపెనీ సైన్యం ఖర్చు కింద నిజాం బళ్లారి, అనంతపురం, కడప ప్రాంతాలను కంపెనీకి ఎలా అప్పగించాడో, పాళెగాళ్ల చేతుల్లో ఉన్న ఊళ్లకు మన్రో ప్రిన్సిపల్ కలెక్టరుగా వచ్చి ఏం చేశాడో ఒక్కో మెట్టూ చెప్పుకుంటూ వచ్చారు. పొలం పొలం కొలిపించి, శిస్తు కట్టి, మధ్యలో జమీందారు లేకుండా రైతుతోనే లెక్క పెట్టుకున్నాడు. అక్కడ ఆగి మమ్మల్ని అడిగారు: "వాన పడని ఏడు కూడా శిస్తు డబ్బు రూపంలోనే కట్టాలంటే రైతు యాడికి పోతాడు?" వెనక బెంచీ నుంచి "షావుకారు దగ్గరికి" అని జవాబు వచ్చింది. శిస్తు ఎక్కువైందని, నాలుగో వంతు తగ్గించాలని 1807లో వెళ్లిపోయే ముందు మన్రోనే సిఫారసు చేశాడట. కంపెనీ వినలేదు, ఊళ్లను గుత్తకిచ్చింది. ఆయన 1820లో గవర్నరుగా తిరిగొచ్చాకే రైత్వారీ మళ్లీ నిలబడింది.

ఆ రోజు నేను చుక్కల భూముల సంగతి అడిగాను. ఆర్‌ఎస్‌ఆర్‌లో, అంటే పాత రీసెటిల్‌మెంట్ భూముల రిజిస్టరులో, పట్టాదారు పేరుండాల్సిన గడిలో చుక్కలుంటాయి. ఆ సర్వే నంబరు రైతులు కాగితాలు పట్టుకుని మా ఆఫీసు చుట్టూ తిరుగుతుంటారు. 2017లో దానికోసం చట్టమే తెచ్చారు. సార్ చెప్పింది: "అమ్మా, ఆ రిజిస్టరు మన్రో కాలంది కాదు, చాలా తర్వాత రీసెటిల్‌మెంట్‌లో రాసింది. కానీ ప్రతి నంబరుకూ ఒక పేరు, ఒక శిస్తు ఉండాలన్న పద్ధతి ఆయన నాటిదే. పేరు తేలని చోట చుక్క పెట్టి పోయినారు." మరుసటి రోజు ఆఫీసులో ఆ రిజిస్టరు తెరిచి, చాలాసేపు చూస్తూ కూర్చున్నాను. రోజూ చూసే కాగితమే, ఎక్కడి నుంచి వచ్చిందో అప్పుడే తెలిసింది.

ఉయ్యాలవాడ నరసింహారెడ్డి పాఠం కూడా ఇలాగే సాగింది. 1846లో కోయిలకుంట్ల ఖజానా మీద దాడి, 1847 ఫిబ్రవరి 22న ఉరి అనేవి అందరూ చెప్తారు. ఆయన వెంట ఊరి కాపలా చూసే కట్టుబడివాళ్లు ఎందుకు నడిచారన్నది, వాళ్ల ఇనాం భూములను కంపెనీ లాగేసుకున్న వైనం సార్ విడమరిచారు. రాయలసీమ, కోస్తా నాయకులు చేసుకున్న శ్రీబాగ్ ఒడంబడికకైతే క్లాసును సీమ, సర్కారు అని రెండుగా విడదీసి వాదించమన్నారు. నీళ్లు, యూనివర్సిటీ, రాజధాని మీద గొంతులు పెద్దవైనాయి. 1937 నవంబర్ 16 అన్న తేదీ నాకిక మరిచిపోయే పని లేదు. గవర్నర్ జనరళ్లను మాత్రం బాగా వేగంగా లాగించారు. దానికి సొంతంగా చదువుకోక తప్పదు.

టెస్టుల దగ్గరే నాకు బాధ. అవి సార్ తయారుచేయరు, ఆఫీసువాళ్లు ఎక్కడివో బిట్లు ఏరి ఇస్తారు. అన్నీ సంవత్సరాలే. కర్నూలు ఆంధ్ర రాష్ట్రానికి రాజధాని అయింది 1953లో అయితే కీలో 1956 అని ఉంది. చెప్పినా దిద్దలేదు, తర్వాతి బ్యాచ్‌కూ అదే పేపరిచ్చారు. తెలియని పిల్లలు అదే రాసి మార్కు పోగొట్టుకుంటారు. హాల్లో వెనక వరుసలకు ఫ్యాను గాలి రాదు, ఎండాకాలం చేరేవాళ్లు ముందే వచ్చి కూర్చోవాలి.

బిట్లు మాత్రమే కావాలనుకుంటే ఈ బ్యాచ్ వద్దు. గ్రూప్-1 మెయిన్స్‌కు సొంత మాటల్లో రాయాలనుకునేవాళ్లు, బడిలో సోషల్ చెప్పే టీచర్లు తప్పకుండా చేరండి. యాజమాన్యానికి ఒకటే విన్నపం: ఆ పేపర్లు సార్ చేతికే ఇవ్వండి.