ఎఫ్ఎన్‌డీకి ఏది మేలు: ఫిజియోథెరపీయా, సైకోథెరపీయా?

ఫంక్షనల్ న్యూరలాజికల్ డిజార్డర్ (ఎఫ్ఎన్‌డీ: నరాలకు దెబ్బేమీ కనిపించకపోయినా కదలికలు అదుపు తప్పే, ఫిట్స్‌లాంటివి వచ్చే జబ్బు) గురించి ఎప్పుడు రాసినా తిరిగి వచ్చే ప్రశ్న ఇదే. "న్యూరాలజిస్ట్ ఎఫ్ఎన్‌డీ అని తేల్చారు. ఒకరు ఫిజియోథెరపీ అంటారు, ఇంకొకరు సైకాలజిస్ట్‌ని కలవమంటారు. ముందు ఎక్కడికి వెళ్లాలి?" స్కాన్ నార్మల్‌గా ఉన్నా కాలు కదలకపోవచ్చని, ఇది నటన కాదని అడిగేవాళ్లకు తెలిసే ఉంటుంది కాబట్టి ఆ మాటలు మళ్లీ చెప్పను.

కాలో చెయ్యో చచ్చుబడటం, నడక తడబడటం, వణుకు లాంటివి ముఖ్య సమస్య అయితే నా మొగ్గు ఫిజియోథెరపీ వైపే. ఫిట్స్‌లా వచ్చి స్పృహ తప్పుతుంటే సైకోథెరపీ వైపు. కానీ ఇంతటితో ఆగితే ఉపయోగం లేదు. ఎందుకంటే ఫిజియోథెరపీ పేరుతో జరిగేదంతా ఒకటి కాదు. దాన్ని చేసే తీరును బట్టి అది మేలూ చేయొచ్చు, సమస్యను ఇంకా బిగించనూ వచ్చు. నా దృష్టిలో అసలు తేడా అక్కడే ఉంది.

డాక్టర్లు ఈ జబ్బును గుర్తుపట్టే పద్ధతి చూస్తే విషయం అర్థమవుతుంది. పడుకోబెట్టి, బలం లేని కాలి మడమను మంచానికి అదమమంటారు. అదమలేరు. తర్వాత బాగున్న కాలిని పైకి ఎత్తమని, దానికి చేత్తో అడ్డుపెడతారు. అప్పుడు ఆ బలం లేని కాలి మడమ దానంతటదే గట్టిగా అదుముకుంటుంది. 1908లో చార్ల్స్ హూవర్ అనే అమెరికా వైద్యుడు వివరించిన పరీక్ష ఇది. వణుకుకీ ఇలాంటిదే ఉంది: రెండో చేత్తో ఒక లయలో తాళం వేయమంటే ఈ చేతి వణుకు ఆగిపోతుంది, లేదా ఆ లయలోకే మారిపోతుంది. అంటే నరాలూ కండరాలూ పని చేయగలవు. 'నా కాలు కదపాలి' అని మనసు పెట్టి ప్రయత్నించినప్పుడే అడ్డం పడుతోంది. ధ్యాస పక్కకు మళ్లితే దారి తెరుచుకుంటోంది.

ఇప్పుడు మామూలు ఫిజియోథెరపీ గుర్తు తెచ్చుకోండి. "తొడ బిగించండి, ఇంకోసారి, ఇంకా గట్టిగా." పక్షవాతం వచ్చిన మనిషికి ఇది పనికొస్తుంది. ఎఫ్ఎన్‌డీ ఉన్న మనిషికి ఇది ఉన్న ధ్యాసనంతా ఆ కాలి మీదే గుమ్మరించడం. ఈ జబ్బు తెలిసిన ఫిజియో కండరం జోలికి వెళ్లకుండా మొత్తం కదలికను పట్టుకుంటారు. వెనక్కి నడిపిస్తారు, పక్కకు అడుగులు వేయిస్తారు, పాదాలు నేలకు ఆనించి జారుస్తూ నడవమంటారు, మధ్యలో లెక్కలు అడుగుతారు. చేతికర్ర, పట్టీలు ఇవ్వడానికి తొందరపడరు. హూవర్ పరీక్షను రోగికే చూపించి "చూశారా, బలం ఉంది" అంటారు. ఆ ఒక్క క్షణం చాలామందికి పది రిపోర్టుల కంటే ఎక్కువ ధైర్యం ఇస్తుంది.

ఆధారాల సంగతి. 2017లో 60 మందితో బ్రిటన్‌లో చేసిన చిన్న అధ్యయనంలో, ఇలాంటి ప్రత్యేక ఫిజియోథెరపీ తీసుకున్నవాళ్లలో 72 శాతం మంది ఆరు నెలల తర్వాత మెరుగయ్యామన్నారు. మామూలు ఫిజియోథెరపీకి పంపినవాళ్లలో 18 శాతమే. తర్వాత 355 మందితో చేసిన పెద్ద అధ్యయనం ఫలితాలు 2024లో వచ్చాయి. అందులో శారీరక సామర్థ్యం స్కోరులో చెప్పుకోదగ్గ తేడా కనిపించలేదు. అయితే కదలికల ఇబ్బంది తగ్గిందన్నవాళ్లు మాత్రం ప్రత్యేక ఫిజియోథెరపీ వైపే ఎక్కువ. అద్భుతాలు జరుగుతాయని ఊరించేవాళ్లను నమ్మకపోవడానికి ఈ అధ్యయనం చాలు. నా మొగ్గు మార్చుకోవడానికి మాత్రం చాలదు.

సైకోథెరపీలో ఎక్కువగా పరీక్షించింది సీబీటీని, అంటే ఆలోచనలను, అలవాట్లను మార్చుకోవడం నేర్పే మాటల చికిత్సను. ఎఫ్ఎన్‌డీ వల్ల ఫిట్స్ వచ్చే 368 మందితో చేసిన అధ్యయనం 2020లో వచ్చింది. ఏడాది తర్వాత లెక్క చూస్తే నెలకు వచ్చే ఫిట్స్ సంఖ్యలో గట్టి తేడా లేదు. దీన్ని పట్టుకుని "సీబీటీ దండగ" అనేవాళ్లున్నారు. కానీ సీబీటీ తీసుకున్నవాళ్లకు ఫిట్స్ లేకుండా వరుసగా గడిచిన రోజులు పెరిగాయి, వాటివల్ల పడే బాధ తగ్గింది, జీవితం మెరుగైంది. ఎక్కడ పడిపోతామో అని గడప దాటని మనిషికి సంఖ్య కంటే ఇదే పెద్ద విషయం. ముందస్తు సూచనలను పసిగట్టడం, ఆ క్షణంలో ధ్యాస మళ్లించడం, భయంతో మానేసిన పనులను మెల్లగా మళ్లీ మొదలుపెట్టడం ఇందులో నేర్పుతారు. చూస్తే ఇక్కడా పని చేసేది చాలావరకు ధ్యాసే.

సైకోథెరపీతో నాకున్న పేచీ ఒకటే. కొందరు "చిన్నప్పుడు ఏదో జరిగే ఉంటుంది, చెప్పండి" అని తవ్వుతారు. ఈ జబ్బు అని తేల్చాలంటే మానసిక ఒత్తిడి కనిపించి తీరాలన్న షరతును, అమెరికా మానసిక వైద్యులు జబ్బులను తేల్చడానికి వాడే గ్రంథం డీఎస్ఎమ్-5 2013లోనే తీసేసింది. గాయం ఉంటే మాట్లాడాలి, లేకపోతే వెతికి పుట్టించక్కర్లేదు. డిప్రెషన్, విపరీతమైన టెన్షన్ తోడుగా ఉంటే మాత్రం, కాలి సమస్యే అయినా సైకోథెరపీని వాయిదా వేయొద్దు.

మందులా? ఎఫ్ఎన్‌డీకంటూ మందు లేదు. తోడుగా ఉన్న డిప్రెషన్‌కో నొప్పికో వాడతారు, అంతే. మూర్ఛ మందులు ఈ ఫిట్స్‌ను ఆపవు, కానీ కొందరికి మూర్ఛ, ఈ ఫిట్స్ రెండూ కలిసి ఉంటాయి కాబట్టి సొంతంగా మానేయకండి. హిప్నోసిస్, మెదడుకు అయస్కాంత చికిత్స మొదటి ఎంపికలు కావు.

ఫిజియో దగ్గరికి వెళ్లేముందు ఫోన్‌లోనే అడగండి: "ఎఫ్ఎన్‌డీ ఉన్నవాళ్లకు చేశారా?" లేదని చెబితే, ఈ జబ్బుకు ఫిజియోథెరపీ ఎలా చేయాలో చెప్పే సిఫారసులు 2015లోనే వచ్చాయి, అవి చదవడానికి సిద్ధమేనా అని అడగండి. సరేనన్న కొత్తవాళ్లు, "ఇవన్నీ నాకు తెలుసు" అనే సీనియర్ల కంటే నయం. రెండు చికిత్సలూ ఒకేసారి నడుస్తుంటే ఇద్దరినీ ఒకరితో ఒకరు మాట్లాడమనండి. ఒకరు కర్ర వదలమని, ఇంకొకరు జాగ్రత్తకు పట్టుకోమని చెబితే మీ ధ్యాస మళ్లీ కాలి మీదికే వస్తుంది.