క్యూజీఐఎస్: భూవిజ్ఞాన పటాల పనికి ఎంతవరకు సరిపోతుంది?

2002లో గ్యారీ షెర్మన్ మొదలుపెట్టిన, పటాలు గీసి విశ్లేషించే సాఫ్ట్‌వేర్ అయిన క్యూజీఐఎస్‌కు లైసెన్సు రుసుము లేదు. అయినా ఉచితమన్న ఒక్క కారణంతో కాక, పనితీరు చూసే దీన్ని ఎంచుకోవాలి. కడప బేసిన్ క్వార్ట్‌జైటు కొండల ఎత్తుల డేటాకు హిల్‌షేడ్ (ఒక దిశ నుంచి వెలుగు పడినట్టు నీడలతో చూపే చిత్రం) వేసి, వెలుగు దిశను వాయవ్యం నుంచి ఈశాన్యానికి మార్చి చూస్తే, మొదటి చిత్రంలో దాదాపు కనిపించని వాయవ్య-ఆగ్నేయ పగుళ్లు రెండోదానిలో తేటగా బయటపడతాయి, ఎందుకంటే వెలుగుకు సమాంతరంగా సాగే గీతకు నీడ పడదు. క్షేత్రంలో రాసుకున్న స్ట్రైక్ (రాతి పొర సాగే దిశ), డిప్ (ఆ పొర వాలిన కోణం) కొలతలను పట్టికగా ఇస్తే, ప్రతి గుర్తునూ దాని స్ట్రైక్ కోణానికి తిప్పి, పక్కనే డిప్ అంకెను వేయించుకోవచ్చు. చేత్తో పటం గీసినవారికే ఈ సుఖం విలువ తెలుస్తుంది.

కోఆర్డినేట్ వ్యవస్థ విషయంలో మాత్రం జాగ్రత్త అవసరం. కడప ప్రాంతాన్ని దూరాలను మీటర్లలో చూపే యూటీఎం వ్యవస్థలోని 44 ఉత్తర జోన్‌లోకి మార్చకుండా వాలు లెక్కిస్తే, దూరం డిగ్రీల్లోనూ ఎత్తు మీటర్లలోనూ ఉండటంతో చదునైన చేను సైతం నిట్టనిలువు గోడగా వస్తుంది.

స్టీరియోనెట్‌కు (పొరలు, పగుళ్ల దిశలను వృత్తంలో చూపే చిత్రానికి) ప్లగిన్, అంటే అదనంగా జోడించే చిన్న ప్రోగ్రాం, వెతుక్కోవాలి. బోరు రంధ్రాల ఆధారంగా భూగర్భ త్రిమితీయ నమూనా కట్టాలనుకునేవారు వేరే సాఫ్ట్‌వేర్ చూసుకోవడమే మేలు. ఉపరితల పటాలకైతే నేను నిస్సంకోచంగా దీన్నే సూచిస్తాను.