లేసుకి వ్యూస్ కొనాలా, యాడ్ వేయాలా, ఫొటో మార్చాలా: ఏది మేలు?

నరసాపురంలో లేసు అల్లి ఆన్‌లైన్లో అమ్మే మా పిన్ని పోయిన నెల ఫోన్ చేసింది. "ఒరే అబ్బాయ్, ఐదొందలిస్తే మన టేబుల్ క్లాత్‌కి రెండు వేల వ్యూస్ వేయిస్తారంట, వేయించేద్దావా?" అంది. వద్దే వద్దన్నాను. పూతరేకులు అమ్మినా, కడియం మొక్కలు అమ్మినా లెక్క ఇదే.

నలభై మంది చూసి ఇద్దరు కొన్నారనుకోండి, నూటికి ఐదుగురు కొన్నట్టు. దానికి బాట్లతో, అంటే మనుషుల్లా చూసినట్టు నటించే ప్రోగ్రాములతో, రెండు వేలు కలిపితే 2,040 మందిలో ఇద్దరు. అంటే వెయ్యికి ఒక్కరు కూడా లేరు! ఏ సరుకు పైన చూపించాలో తేల్చేటప్పుడు చాలా మార్కెట్‌ప్లేస్‌లు (మన సరుకు పెట్టి అమ్ముకునే సైట్లు) చూసినవాళ్లలో ఎందరు కొన్నారన్నదీ లెక్కేస్తాయి. డబ్బిచ్చి మరీ మన సరుకుని మనమే కిందికి తోసుకున్నట్టవుతుంది. పైగా అసలు మనుషులెవరో, ఏ ఫొటో నచ్చి వచ్చారో మనకిక తెలీదు. పట్టుబడితే సైటు వాళ్లు మన సరుకు పేజీ (లిస్టింగ్) తీసేస్తారు, అకౌంట్ ఆపేస్తారు, రావలసిన డబ్బు కూడా ఆగిపోవచ్చు. వ్యూస్ అమ్మేవాళ్లు లాగిన్, పాస్‌వర్డ్ అడిగితే మరీ ప్రమాదం, మన బ్యాంకు వివరాలుండేది అక్కడే.

మార్కెట్‌ప్లేస్ వాళ్ల యాడ్ న్యాయమైన దారే గానీ అన్నిటికీ గిట్టదు. క్లిక్కుకి మూడు రూపాయలై, ఇరవై మందిలో ఒకరు కొంటే ఆర్డరుకి అరవై రూపాయలు యాడ్‌కే పోతాయి. నూట యాభై రూపాయల చిన్న ముక్కకి అది మోయలేని ఖర్చు. రెండు వేల ఐదొందల టేబుల్ క్లాత్‌కైతే వేయొచ్చు.

నా ఓటు మాత్రం ముందు ఫొటోకే. పిన్ని తెల్ల లేసుని పసుపు దుప్పటి మీద పరిచి, ట్యూబులైటు కింద తీసింది. అల్లికలో ఒక్క కన్నమూ కనబడలేదు. నల్ల జాకెట్టు ముక్క మీద పరిచి, పొద్దున్నే అరుగు మీద, పక్కన కొలత టేపు పెట్టి మళ్లీ తీశాం. ఇంకో ఫొటోలో ఆమె చెయ్యి, సూది, సగం అల్లిన పువ్వు. పేరులో కొలత, కాటన్ దారం, చేతి అల్లిక అని రాశాం. 2024లో మన నరసాపురం లేసుకి జీఐ గుర్తింపు (ఫలానా ప్రాంతపు సరుకని చెప్పే గుర్తింపు) వచ్చింది కదా, దాన్ని అమ్మకానికి వాడుకోవాలంటే అధీకృత వాడకందారుగా నమోదు చేయించుకోవాలి. ఆ పని కూడా మొదలుపెట్టమన్నాను.

ఇప్పటికే వ్యూస్ కొన్నవాళ్లుంటే ఈ రోజే ఆపించి, పాస్‌వర్డ్ మార్చి, బ్యాంకు ఖాతా నంబరు మనదే ఉందో లేదో చూసుకోండి.